సాక్ష్యం తర్వాత మనవి

మా వదిన తనంతట తానే పని మానుకుందని చెప్తారు. దండ వేయించుకుని, శాలువా కప్పించుకుని, మైకులో అందరికీ వందనాలు చెప్పి, నవ్వుకుంటూ మానుకుందట. ఆ తర్వాత కాలేజీలో సివిక్స్ చెప్పుకునే ఆడబిడ్డ ఒకతె, అంటే నేను, ఆమె చెవిలో చట్టం ఊది లేనిపోని కేసు వేయించానట. ఉదయగిరి బస్టాండులో టీ తాగేవాళ్ళ దగ్గర్నుంచి మా చర్చిలో వెనక బెంచీ మీద కూర్చునేవాళ్ళ దాకా ఇదే కథ. నమ్మనివాళ్ళకు ఫోను తీసి వీడియో కూడా చూపిస్తారు.

వీడియో నిజమే. అందులో ఉన్నది మా వదినే. అన్నవి ఆమె మాటలే. అయినా కథ అబద్ధం. నిజమైన వీడియోలోంచి అబద్ధపు కథ ఎట్లా పుడుతుందో తెలుసుకోవాలన్న కుతూహలంతోనే నేనీ తగాదాలోకి దిగాను. న్యాయం కోసం దిగానని చెప్పుకుంటే వినడానికి బాగుంటుంది. కానీ ముందు వచ్చింది కుతూహలమే. న్యాయం తర్వాత వచ్చి పక్కన కూర్చుంది.

వదిన అంటే మా అన్న భార్య. వయసులో నాకంటే పెద్దది, నోటి దురుసులో ఇద్దరం సమానం. మా అన్న మర్రిపాడు మీదుగా బద్వేలు పోయే లారీల మీద చాలా కాలం డ్రైవరుగా చేసి, నడుం పోగొట్టుకుని, ఇప్పుడు ఇంటి దగ్గర నాలుగు గొర్రెలు కాసుకుంటున్నాడు. ఆ ఇల్లు నడిచేది వదిన పని మీదే. ఆమె పని పాలడైరీలో. చుట్టుపక్కల పల్లెల నుంచి పొద్దున, సాయంత్రం పాలు వస్తాయి. చల్లబరిచి ట్యాంకర్లో పెద్ద డైరీకి పంపుతారు. ఖాళీ అయిన క్యాన్లను వాషింగ్ సోడా నీళ్ళతో, వేడినీళ్ళతో కడిగి బోర్లించేది వదినా, ఆమెతో పాటు ఇంకొందరు ఆడవాళ్ళూ. మోకాళ్ళ దాకా రబ్బరు బూట్లు వేసుకుని నిలబడి చేసే పని. ఆదివారం చర్చికి వచ్చినప్పుడు ఎంత మంచి చీర కట్టుకున్నా, ఎంత పౌడరు పూసుకున్నా, పక్కన కూర్చుంటే పులిసిన పాల వాసన సన్నగా తగులుతుంది. ఆమెకు తెలియదు. నేను చెప్పను.

ఆ ఆడవాళ్ళెవరూ డైరీ మనుషులు కారు. అంటే కాగితం మీద కారు. మధ్యలో ఒక మేస్త్రి ఉంటాడు. డైరీ మేస్త్రికి ఇస్తుంది, మేస్త్రి వీళ్ళకు ఇస్తాడు. కొన్నాళ్ళకొకసారి మేస్త్రి మారతాడు. కొత్తాయన వచ్చి అందరికీ టీ తాగించి, పేర్లు రాసుకుంటాడు. మరుసటి పొద్దున అదే గేటు, అవే క్యాన్లు, అదే సూపర్వైజరు. పని అట్లా నడిచేది. డైరీ ఆడవాళ్ళలో ఒక మాట కూడా ఉండేది: "మేస్త్రులు మారతారు, క్యాన్లు మారవు."

ఈసారి మేస్త్రి మారేటప్పుడు డైరీవాళ్ళు చిన్న సభ పెట్టారు. షెడ్డు ముందర షామియానా, కుర్చీలు, అద్దె మైకు. పాత మేస్త్రికి దండ వేశారు. శాలువా కప్పారు. ఆ పక్కనే వరసగా నిలబడిన ఆడవాళ్ళకూ తలా ఒక దండ, తలా ఒక శాలువా. అరటిపళ్ళు, మిక్చరు పొట్లాలు. మా వైపు శాలువా వద్దనడం ఉండదు. రిటైరయ్యే మాస్టారికైనా, పుట్టినరోజు చేసుకునే నాయకుడికైనా, కొత్తగా వచ్చిన పాస్టరుగారికైనా, ఆఖరికి ఊరికే స్టేజీ దగ్గర నిలబడ్డవాడికైనా కప్పేస్తారు. కప్పేవాడు కప్పుతుంటే భుజం వంచడమే మర్యాద. భుజం వెనక్కి తీసుకున్న మనిషిని నేను ఇంతవరకూ చూడలేదు. నా భుజమూ ఎన్నోసార్లు వంగింది.

తర్వాత మేనేజరు "మీలో ఎవరన్నా రెండు మాటలు మాట్లాడండమ్మా" అన్నాడట. అందరూ మా వదిన వీపు మీద చేయి వేసి ముందుకు తోశారు. ఎందుకంటే మైకు ఆమెకు అలవాటు. మా చర్చిలో స్త్రీల కూడికలో సాక్ష్యం చెప్పాలంటే ఆమెదే పేరు. సాక్ష్యమంటే దేవుడు తనకు చేసిన మేలు అందరి ముందూ చెప్పుకోవడం. దానికో పద్ధతి ఉంది. ఏ కష్టంలో ఉన్నానో, ఎట్లా గట్టెక్కానో చెప్పాలి. సాయం చేసిన మనుషులకు వందనాలు చెప్పాలి. తగవులున్నా బయట పెట్టకూడదు. ఎవరి మీదా కోపం లేదనాలి. అత్తను తిట్టుకుంటూ చర్చికి నడిచొచ్చిన కోడలు కూడా లేచి నిలబడితే "మా అత్తమ్మ నన్ను కన్నతల్లిలా చూసుకుంటా ఉండాది" అనే అంటుంది. ఎవరూ నవ్వరు. ఆ సమయానికి అది అబద్ధం కూడా కాదు.

వీడియోలో ఆమె అదే పద్ధతిలో చెప్పింది. నేను ఎన్నిసార్లు చూశానో గానీ నాకు కంఠతా వచ్చేసింది.

"దేవునికి స్తోత్రం. నా భర్తకి నడుం బాగలేనప్పుడు దేవుడు నాకీ పని చూపించినాడు. మేనేజరు సారు మమ్మల్ని బిడ్డల మాదిరి చూసినాడు. మేస్త్రన్న ఏ రోజూ ఒక మాట అనలేదు. తెలిసీ తెలియక మేము ఏమన్నా తప్పు చేసుంటే మనసులో పెట్టుకోవద్దండి. నాకు ఎవరి మీదా కోపం లేదు. సంతోషంగా పోతా ఉండాను. అందరికీ నా వందనాలు."

చప్పట్లు. అయినా వదిన మైకు వదల్లేదు. కళ్ళు మూసుకోబోయింది. రెప్పలు సగం దిగాయి. అక్కడ వీడియో అయిపోయింది.

మొదటిసారి చూసినప్పుడే నాకు ఏదో వెలితిగా అనిపించింది. ఏమిటో తెలియలేదు.

ఆ సభ అయిన తర్వాత సోమవారం ఆమె ఎప్పట్లాగే టిఫిన్ క్యారేజీ పట్టుకుని డ్యూటీకి పోయింది. గేటు దగ్గర వాచ్‌మన్ అడ్డం నిలబడ్డాడు. అతనూ మా చర్చి మనిషే. పాపం, ఆమె మొహం చూడలేక గేటు గొళ్ళెం చూస్తూ మాట్లాడాడట.

"అక్కా, లోపల నీ పేరు లేదంట."

"పేరు లేకపోతే ఏంది రా, మనిషిని ఉండా గదా?"

"కొత్త మేస్త్రి వేరేవాళ్ళను పెట్టుకున్నాడంట. మిమ్మల్నందర్నీ మొన్ననే సాగనంపినారు గదక్కా, దండలేసి."

అప్పటిదాకా వదినకు తెలియదు. సాగనంపింది మేస్త్రిని మాత్రమే అనుకుంది. అందరూ అట్లాగే అనుకున్నారు.

నేను సాయంత్రం పోయేసరికి వాకిట్లో కూర్చుని ఉంది. కాళ్ళకు రబ్బరు బూట్లు అట్లాగే ఉన్నాయి.

"ఏంది వదినా, బూట్లు విప్పలా?"

"విప్పితే ఒప్పుకున్నట్టు గదా మే."

"శాలువా కప్పినప్పుడైనా అనుమానం రాలేదా నీకు?"

"ఎందుకొస్తాది? మేస్త్రికి కప్పినారు. పక్కన ఉండాం, మాకూ కప్పినారు. పెండ్లికొడుక్కి గంధం పూసేటప్పుడు తోడుపెండ్లికొడుక్కి పూయరా? పూసినంత మాత్రాన వాడికీ పెండ్లయినట్టేనా?"

"మరి 'సంతోషంగా పోతా ఉండాను' అని ఎందుకన్నావు?"

"ఇంటికి పోతా ఉండా గదా ఆ పూట. ఏడ్చుకుంటా పోతా ఉండానని చెప్పమంటావా మైకులో?"

మా అన్న లోపల్నుంచి "దాంతో వాదించొద్దు మే, నేను ముప్పై ఏండ్ల నుంచి ఓడిపోతా ఉండా" అన్నాడు. వదిన ఆయన వైపు చూడకుండానే "నీతో వాదించేదానికి నాకు టైమెప్పుడు దొరికిందిలే" అంది. తర్వాత నా మీదకు తిరిగింది.

"అది సరే గానీ, నువ్వు పిల్లకాయలకు హక్కులు చెప్తావు గదా. నీ కాలేజీ నీకు కాయితం ఇచ్చిందా?"

ఇవ్వలేదు. ఆత్మకూరులో నేను పాఠం చెప్పే ప్రైవేటు కాలేజీలో ఎవరికీ ఇవ్వలేదు. ప్రతి వేసవికీ జీతం ఆగిపోతుంది, ప్రతి జూనులో "మేడం, రండి" అని ఫోను వస్తుంది. ఫోను రాని జూను కోసం అందరమూ లోపల భయపడుతూనే రాజ్యాంగం చెప్తుంటాం. ఇట్లాంటప్పుడు నేను గొంతు పెంచుతాను.

"నా సంగతి తర్వాత. రేపు నాతో ఆత్మకూరు రా."

ఆత్మకూరులో ఒక వకీలమ్మ ఉంది. ఆడవాళ్ళకు ప్రభుత్వం తరఫున ఉచితంగా న్యాయ సహాయం దొరుకుతుందని నేను క్లాసులో చాలాసార్లు చెప్పాను గానీ, దొరుకుతుందో లేదో పోయి చూసింది అదే మొదటిసారి. దొరికింది. వకీలమ్మ చట్టం మాట్లాడుతుందని ఎదురుచూశాను. ఆమె అడిగిన మొదటి ప్రశ్న వేరే.

"నువ్వు తప్పు చేస్తే ఎవరు తిడతారమ్మా?"

వదిన ఆలోచించింది. "సూపర్వైజరు."

"ఆయన మేస్త్రి మనిషా, డైరీ మనిషా?"

"డైరీ మనిషే."

"సెలవు కావాలంటే ఎవర్ని అడుగుతావు?"

"ఆయన్నే."

"మరి మేస్త్రి ఏం చేస్తాడు?"

"నెలకొకసారి వచ్చి జీతం పంచి, మా అందరి దగ్గరా టీ తాగి పోతాడు."

వకీలమ్మ నవ్వింది. నాకు మాత్రం భలే ఆశ్చర్యమేసింది. తిట్టేవాడెవరని అడిగి యజమానిని కనిపెట్టవచ్చని నాకు ఏ పుస్తకమూ చెప్పలేదు. ఆమె ఓపిగ్గా వివరించింది. ఎవరి చెప్పుచేతల్లో పని జరుగుతుందో చూస్తారట. మేస్త్రి పేరుకు మాత్రమే ఉండి, పని చెప్పడం, అజమాయిషీ చేయడం, సెలవివ్వడం అంతా కంపెనీయే చేస్తుంటే, ఆ కాంట్రాక్టు ఒట్టి తెర అనీ, వీళ్ళు కంపెనీ మనుషులే అనీ వాదించవచ్చట. రుజువు చేయడం తేలిక కాదట, కానీ దారి ఉందట. ఇంకొకటి. ఏడాదికి తగ్గకుండా విడవకుండా పనిచేసిన మనిషిని పని లేదని తీసేయాలంటే, కారణం చెప్పి నెల ముందు రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి. లేదా ఆ నెల జీతమివ్వాలి. చేసిన సర్వీసును బట్టి పరిహారమివ్వాలి. మళ్ళీ మనుషులు కావలసి వస్తే పాతవాళ్ళకు ముందు అవకాశమివ్వాలి. ఈ మధ్య చట్టాల పేర్లు మారాయి గానీ ఈ సారం మారలేదంది.

"ఇవన్నీ ఉండాయా?" అంది వదిన. అంతకాలం తన ఇంటి అటక మీద ఏముందో తెలియని మనిషి అడిగినట్టు అడిగింది.

"ఉన్నాయి. కానీ అవతలివాళ్ళు ఒక్కటే మాట అంటారు చూడండి. ఆమే మానుకుంది అంటారు. తనంతట తాను మానుకున్న మనిషిని ఎవరూ తీసేసినట్టు కాదు. ఆ మాట నిలబడితే ఇవన్నీ పడిపోతాయి."

అప్పటికి మేము వీడియో చూడలేదు. అసలు తీశారనే తెలియదు. డైరీ లోపలికి క్యాన్లు కడిగేవాళ్ళ ఫోన్లు రానివ్వరు, గేటు దగ్గరే పెట్టేయాలి. వకీలమ్మ ఫిర్యాదు రాసి పంపించాక, డైరీవాళ్ళు జవాబుతో పాటు పంపారు. అది ఎట్లా బయటికి పొక్కిందో, వారం తిరక్కుండా ఊరందరి ఫోన్లలోకీ వచ్చేసింది.

ఈలోగా కొత్త మేస్త్రి పాతవాళ్ళలో వయసులో చిన్నవాళ్ళను కొందరిని పిలిచి, కొత్తగా చేరినట్టు పేర్లు రాసుకుని పనిలో పెట్టుకున్నాడు. వదినను పిలవలేదు. మిగిలిన ఒకరిద్దరు వేరే కూలి చూసుకున్నారు. కేసు అని నిలబడింది వదిన ఒక్కతే.

లేబర్ ఆఫీసులో మమ్మల్నీ, డైరీవాళ్ళనూ ఎదురెదురుగా కూర్చోబెట్టారు. అక్కడ తీర్పులుండవు. రాజీ కుదురుతుందేమో చూస్తారు, కుదరకపోతే ఆ సంగతి రాసేస్తారు, ఆపైన కోర్టు. వకీళ్ళ వాదన మామూలుగా అక్కడ ఉండదట, అందుకని వదినకు తోడుగా నేను పోయాను. డైరీ తరఫున పట్నం నుంచి ఒకాయన వచ్చాడు. చేతిలో లాప్‌టాప్, మాటలో మర్యాద. వదినను "అమ్మా" అని, నన్ను "మేడం" అని పిలిచాడు. తిట్టడానికి వీలున్న మనిషిని పంపి ఉంటే నాకు సుఖంగా ఉండేది.

ఆయన వీడియో పెట్టాడు. ఆఫీసరు ముందుకు వంగి, చెవి ఒగ్గి మరీ విన్నాడు.

"ఇవి నీ మాటలేనా అమ్మా?"

"నావే సార్."

"సంతోషంగా పోతున్నానని చెప్పావు?"

"చెప్పినా సార్."

"ఎవరన్నా బలవంతం చేసి చెప్పించారా?"

"లేదు సార్. మంచిగా చెప్పమన్నారు, మంచిగా చెప్పినా."

నేను బల్ల కింద ఆమె తొడ గిల్లాను. ఆమె అందరికీ వినబడేట్టు "ఎందుకు మే గిల్లతావు?" అంది. పట్నం ఆయన తల దించుకుని నవ్వాపుకున్నాడు. అప్పుడు నాకు నిజంగా భయమేసింది. వదిన చెప్పినవన్నీ నిజాలే, ఒక్కో నిజానికీ ఆమె పని ఒక్కో అడుగు వెనక్కి పోతోంది.

"సార్, ఇంకొకసారి పెట్టించండి" అన్నాను. టైము కోసం అన్నాను, వేరే ఉపాయం లేక. మళ్ళీ పెట్టారు. దేవునికి స్తోత్రం. నా భర్తకి నడుం బాగలేనప్పుడు. మేనేజరు సారు. కోపం లేదు. సంతోషంగా. వందనాలు. చప్పట్లు. రెప్పలు సగం దిగాయి. ఆగిపోయింది.

అప్పుడు తట్టింది.

"సార్, మనవి ఏదీ?"

"ఏం మనవి?"

"సాక్ష్యం చెప్పినాక ప్రార్థన మనవి ఉంటుంది సార్. ఇంత మేలు జరిగింది, ఇక నాకు కావలసింది ఇదీ, దీని కోసం మీరందరూ ప్రార్థన చేయండి అని కళ్ళు మూసుకుని అడగాలి. అందరూ ఆమెన్ అనాలి. అప్పుడు దిగాలి. అడక్కుండా దిగినవాళ్ళను నేను పుట్టి బుద్ధెరిగి చూడలేదు."

పట్నం ఆయన "మేడం, మతానికి సంబంధించిన విషయాలు ఇక్కడ..." అని మొదలుపెట్టాడు.

"ఇది మతం కాదు సార్, వరస. మీ ఇంట్లో పెండ్లి భోజనానికి పిలిచి, మజ్జిగ పోయకుండా ఆకు మడవమంటారా? మడిచిన ఆకు చూపించి, తిని లేచిపోయినాడని చెప్తారా?"

ఆఫీసరు చేయెత్తి నన్ను ఆపాడు గానీ, ఆయన మొహంలో కొత్త ఆసక్తి కనిపించింది. వదిన వైపు తిరిగాడు.

"మనవి అడిగావా అమ్మా ఆ రోజు?"

"అడక్కుండా ఎట్లా దిగుతా సార్?"

"ఏమని అడిగావు?"

"కొత్త మేస్త్రి చేతి కింద కూడా మమ్మల్నందర్నీ కలిపి ఇదే పనిలో ఉంచేట్టు ప్రార్థన చేయండని అడిగినా. మా ఆయన నడుం గురించి గూడా అడిగినా. సూపర్వైజరు కూతురికి సంబంధం కుదరాలని ఆయనే చెవిలో చెప్తే, అది గూడా కలిపి అడిగినా."

ఆఫీసరు పెన్ను కింద పెట్టి నవ్వాడు. కట్టు కథల్లో సూపర్వైజరు కూతురి సంబంధం ఉండదు. పట్నం ఆయన మాత్రం నవ్వలేదు. వీడియో తమ దగ్గరికి వచ్చింది ఇంతేనన్నాడు. మొత్తం వీడియో వచ్చే వాయిదాకు తెమ్మని, లేకపోతే లేదని రాసివ్వమని ఆఫీసరు చెప్పాడు.

మెట్లు దిగుతుంటే "ముందే ఎందుకు చెప్పలేదు వదినా మనవి సంగతి?" అన్న నా ప్రశ్నకు వదిన ఎప్పట్లాగే సూటిగా జవాబిచ్చింది. "ఏం చెప్పినావని అడిగినావు, చెప్పినా. ఏం అడిగినావని ఎవురు అడిగినారు?"

తర్వాతి వాయిదాకు మొత్తం వీడియో రాలేదు. తీసిన ఫోను ఇప్పుడు లేదన్నారు. ఉన్న ముక్క కూడా లోకల్ స్టాఫ్ ఎవరో పంపిందే అన్నాడు పట్నం ఆయన. దాంతో పాటు ఒక రాజీ మాట తెచ్చాడు. కొత్త మేస్త్రి కింద ఆమెను తీసుకుంటారట. కొత్తగా చేరినట్టు.

"కొత్తగా అంటే?" అంది వదిన.

"ఈ రోజు నుంచి సర్వీసు మొదలమ్మా."

"మరి ఇన్నాళ్ళు చేసింది?"

"అది పాత కాంట్రాక్టరు దగ్గర కదా."

"నేను చేరినప్పుడు ఆ గేటుకు తలుపే లేదు సార్. ముళ్ళకంప అడ్డం పెట్టేవాళ్ళం. నేను కొత్తదాన్ని ఎట్లా అవుతా?"

ఆఫీసరు మమ్మల్ని బయటికి పోయి మాట్లాడుకుని రమ్మన్నాడు. వరండాలో నేను నోరు మూసుకున్నాను. ఇది చెప్పుకోదగ్గ విషయం, అందుకే చెప్తున్నాను. ఒప్పుకోమనాలని ఉంది, ఇంట్లో మా అన్న పరిస్థితి నాకు తెలుసు. ఒప్పుకోవద్దనాలని కూడా ఉంది. వదిన గోడకు ఆనుకుని కొంగుతో మొహం తుడుచుకుంది.

"ఈయప్ప కొత్తదాన్నంటాడు. ఇంకో మేస్త్రి వస్తే ఆయప్ప గూడా కొత్తదాన్నంటాడు. ఎన్నిసార్లు పుట్టాల మే నేను?"

లోపలికి పోయి వద్దని చెప్పింది. రాజీ కుదరలేదని ఆఫీసరు రాశాడు. ఇప్పుడు సంగతి లేబర్ కోర్టులో ఉంది. వాయిదాలు పడుతున్నాయి. వదిన తెల్లారకముందే కూలీల ఆటో ఎక్కి సంగం వైపు నాట్లకు పోతోంది. వంగి చేసే పని ఆమెకు అలవాటు లేదు, నిలబడి చేసే పని అలవాటు. మా అన్నకు తోడు ఇంట్లో ఇప్పుడు రెండో నడుం కూడా తయారవుతోందని నవ్వుతుంది.

వకీలమ్మ చెప్పేదేమంటే, ఆ మనవి విన్నవాళ్ళు ఒక్కరు వచ్చి చెప్పినా కేసుకు ప్రాణం వస్తుందని. ఆమెన్ అన్నవాళ్ళలో ఒకమ్మాయిని చర్చి బయట పట్టుకున్నాను. మళ్ళీ పనిలో చేరినవాళ్ళలో ఒకతె.

"గుర్తు లేదక్కా" అంది.

"ఆమెన్ అన్నావా లేదా?"

"అందరం అంటాం గదక్కా. దేనికన్నామో ఎవరికి గుర్తుంటాది?" అని చెప్పులు సగం తొడుక్కునే పోయింది. ఆమెను నేను తప్పు పట్టను. కొత్తగా చేరిన మనిషి, ఏడాది కూడా నిండలేదు. నోటీసు కూడా అక్కర్లేకుండా పంపేయవచ్చు ఆమెను.

నేను ఆ వీడియో చూడటం మానలేదు. వదిన తిడుతుంది, అయినా చూస్తాను. చూడగా చూడగా ఇంకొక సంగతి బయటపడింది. పట్నం ఆయనో, ఆయనలాంటి వేరేవాళ్ళో కోసి ఉంటే చప్పట్ల దగ్గర కోసేవాళ్ళు. మీటింగుల్లో మాట అయిపోయేది అక్కడే కదా. కానీ వీడియో చప్పట్లు దాటింది. వదిన ఊపిరి తీసుకుంది. కళ్ళు మూసుకోబోయింది. సరిగ్గా అక్కడ, మొదటి మాట పెదవి దాటక ముందు, తెగిపోయింది. ఆ రెప్పలు దిగాక ఏమొస్తుందో తెలిసిన చేయి కోసింది. అంటే బెంచీల మీద మా పక్కన కూర్చుని, చిన్నప్పట్నుంచి ఆ వరస విన్న చేయి.

డైరీలో అట్లాంటి చేతులు చాలానే ఉన్నాయి. గేటు దగ్గర, ల్యాబులో, ఆఫీసు గదిలో కంప్యూటరు ముందు. అందరూ మావాళ్ళే, అందరూ ఏదో ఒక మేస్త్రి కిందివాళ్ళే. ఆ మనిషి మొత్తం వీడియో చూశాడు, లేదా చూసింది. మనవి విన్న సాక్షి ఎవరూ దొరకడం లేదంటాం గానీ, ఒక్కరు ఖాయంగా ఉన్నారు.

ఈ మాట వదినతో చెప్తే ఆమెకు కోపమొచ్చింది.

"నాకు చెప్పొద్దు మే, ఎవరైందీ."

"నీ పని నీకు రావాలంటే ఆ మనిషి కావాలి వదినా."

"నా పని నాకు గావాల. కానీ ఎవరని తెలిస్తే, రేపు చర్చిలో ప్రభువు బల్ల దగ్గర వాళ్ళ పక్కన కూర్చుని రొట్టె ఎట్లా తీసుకునేది? కోర్టువాళ్ళు కనుక్కుంటే కనుక్కోనీ. నువ్వు మాత్రం చర్చిలో ఒక్కొక్కరి మొహం లైటేసి చూడబాక."

నేను చూస్తూనే ఉన్నాను. ఆదివారం పాట పాడుతూ, పుస్తకం పైనుంచి ఒక్కో చేతినీ చూస్తాను. ఎవరో కనిపెట్టి నలుగురిలో నిలబెట్టాలని కాదు. ఆ పేరు నాకు తెలియకపోయినా సరే. ఒక్కటి మాత్రం అడగాలని ఉంది. మా వదిన కళ్ళు మూసుకుంటున్న చోట వేలు ఆపి కోశావే, నిన్ను కూడా కారణం చెప్పకుండా, నోటీసు ఇవ్వకుండా తీసేయకూడదని అప్పటికి నీకెవరైనా చెప్పారా?